ఆయన తెలుగులో చెప్పిన అబద్ధం

నిన్న సాయంత్రం, సినిమా పని మీద వచ్చిన కుర్రాడు మా వరండాలో మా కూతురు చిన్నదాని ముందు గొంతుక్కూర్చున్నాడు. అప్పటిదాకా గడగడా మాట్లాడుతున్న తమిళం ఆపాడు. గొంతు తగ్గించి, "పాపా, ఒగ మాట సెప్తా. బయపడగూడదు" అన్నాడు. సరిగ్గా అప్పుడు నాకు భయం వేసింది. అతను కసురుకోలేదు, దాన్ని ముట్టుకోలేదు. ఒక చేతిలో ఫోను నిలువుగా పట్టుకుని ఉన్నాడు, అంతే. కానీ అతనికి తెలుగు రాదు.

టీ తెస్తున్నదాన్ని గ్లాసు పిట్టగోడ మీద పెట్టేసి, చిన్నదాన్ని రెక్క పట్టుకుని నా వెనక్కి లాక్కున్నాను. దానికి ఆరేళ్ళు. "ఏమి మా, ఊరికే ఉండు" అని విసుక్కుంది.

"ఆ మాట నీకెవరు నేర్పారు?" అని తమిళంలో అడిగాను.

"మా సారే అక్కా" అని నవ్వాడు. "మీ తెలుగువాళ్ళ పిల్లలకు ఇలా చెబితేనే ముఖంలోకి ఏడుపు వస్తుందని నాతో కంఠతా పట్టించారు. మిగతాది కూడా వచ్చు. చెప్పమంటారా?"

వద్దన్నాను. మిగతాది నాకూ వచ్చు.

అతని సారు మొన్న ఇక్కడే, విరుదునగర్‌లోనే పోయాడు. మా వీధి మొదట్లో ఫ్లెక్సీ కట్టారు. మెడలో తువ్వాలు, కళ్ళద్దాలు, పక్కన పాత కెమెరా. కింద పెద్ద అక్షరాలతో, మనందరినీ ఏడిపించిన కళాకారుడు అని తమిళంలో రాయించారు. కూరగాయలకు వెళ్ళినప్పుడల్లా ఆ మాట చదువుతున్నాను. ఆ రాయించినవాళ్ళకు తెలియకుండానే నిజం పడింది.

ఆయన ఎన్ని సినిమాలు తీశాడో లెక్క లేదు. ఈ ఫ్లెక్సీలో ఒక అంకె ఉంటే మార్కెట్టు దగ్గర ఫ్లెక్సీలో ఇంకో అంకె ఉంది. ఆయన్ని అడిగినా చెప్పలేకపోయేవాడు. అవి థియేటర్లకు వచ్చిన సినిమాలు కావు. మొదట వీడియో కేసెట్లు, తర్వాత సీడీలు, తర్వాత ఊరి కేబుల్, చివరికి ఫోను. కోవిల్‌పట్టి బస్టాండులో వేరుశెనగ మిఠాయి పొట్లాల పక్కనే ఆయన సీడీలు దండలాగా వేలాడేవి. కథ ఆయనదే, మాటలు ఆయనవే, కెమెరా కూడా చాలాసార్లు ఆయనే. ఒకటి ఎడిటింగులో ఉండగానే ఇంకోటి మొదలుపెట్టేవాడు. కోవిల్‌పట్టి నుంచి విరుదునగర్ వచ్చే బస్సులో కిటికీ పక్కన కూర్చుని రాసేవాడు. "సాత్తూరు దాటేలోపల ఇంటర్వెల్ రావల్ల. లేకుంటే ఆ కతలో దమ్ము లేదని అర్తం" అనేవాడు.

కాగితం కొనేవాడు కాదు. అగ్గిపెట్టెల మీద అంటించే లేబుళ్ళు అచ్చు తప్పితే ఆ షీట్లు కిలోల లెక్కన పారేస్తారు. వాటి వెనక రాసేవాడు. ఒక వైపు వరుసగా రంగు చెదిరిన నెమళ్ళు, మరో వైపు హీరోయిన్ విషం తాగే సీను. రాసేది మా ఇంటి తెలుగు, అక్షరాలు మాత్రం తమిళం, ఎందుకంటే ఆయనకు తెలుగు అక్షరాలు రావు. తరతరాలుగా తమిళనాట ఉన్న మాలో ఎవరికీ రావు. నేను తిరుపతిలో డిగ్రీ చదివాను గనక నేర్చుకున్నాను. తెలుగులో రాసుకున్న మాటలను సెట్టు మీద నిలబడి అప్పటికప్పుడు తమిళం చేసి నటులకు చెప్పేవాడు.

సన్నటి మనిషి. పుట్టింది నాగలాపురం నల్లరేగడిలో, వానకోసం ఆకాశం చూసే సేద్యగాళ్ళ ఇంట్లో. ఆ పక్క వాన అరుదు గనక ఒక్కసారి ఎప్పుడో కుంభవృష్టి కురిస్తే దాన్ని కెమెరాలో పట్టి దాచుకున్నాడట. ఆ తర్వాత ఆయన ఏ సినిమాలో వాన పడ్డా అదే వాన. అదే రేకుల కప్పు, అదే తడిసిన మేక. మా వీధి పిల్లలం మేక రాగానే చప్పట్లు కొట్టేవాళ్ళం.

ఎవరితో మాట్లాడినా ఆయన నిలబడి మాట్లాడేవాడు కాదు, వెనక్కి నడుస్తూ మాట్లాడేవాడు. మనిషిని మొత్తంగా చూడాలని ఆయనకు. పెళ్ళి విందులో ఇలాగే వెనక్కి పోయి సాంబారు బకెట్టులో కాలు పెట్టాడు. చావు ఇంట్లో కూడా అంతే. అయినవాళ్ళు పోయి ఏడుస్తున్న మనిషిని అందరూ దగ్గరికెళ్ళి పట్టుకుంటే ఆయన ఒకడే వెనక్కి జరిగేవాడు. అప్పట్లో దానికి నవ్వుకునేవాళ్ళం. ఇప్పుడు తలుచుకుంటే ఒళ్ళు మండుతుంది.

"ఒగ తూరే" అనేది ఆయన మంత్రం. "రెండో తూరి చేసేదంతా నటనే." టేపు ఖర్చు కోసం అలా అంటాడని కొందరు అనేవాళ్ళు. కాదు. నిజంగానే నమ్మేవాడు. నటన అంటే ఆయనకు అసహ్యం. సినిమా తీసేవాడికి నటన అంటే అసహ్యం ఏమిటని ఎవరూ అడగలేదు.

మాలాంటి ఇళ్ళల్లో గడప దాటితే తమిళం. బడి తమిళం, అంగడి తమిళం, కొట్లాట తమిళం. తెలుగు ఇంట్లోనే. దాన్ని చదవం, రాయం, దానితో ఆడుకోం. అన్నం తిను, జొరం తగ్గినాదా, నాయన వచ్చినాడా, ఇవే తెలుగు. కథలు, పాటలు, వేళాకోళాలు అన్నీ టీవీలోంచి వచ్చిన తమిళంలోనే. అందుకని మా పిల్లల లెక్క ఒకటి ఉంటుంది. తమిళంలో ఏదైనా చెప్పవచ్చు. తెలుగులో చెప్పారంటే అది నిజం. ఈ లెక్క మాకు ఎవరూ నేర్పలేదు. ఉందని కూడా మాకు తెలియదు. ఆయన కనిపెట్టాడు. మా పిల్లల్లో ఒకడిగా పెరిగినవాడు గనకనే కనిపెట్టగలిగాడు.

మా అమ్మ అప్పుడు కోవిల్‌పట్టిలో అగ్గిపెట్టెల యూనిట్టులో పెట్టెలు నింపేది. ఆయన్ని అన్నా అని పిలిచేది, కాబట్టి మాకు డైరెక్టర్ మామ. నాకు ఎనిమిదేళ్ళప్పుడు, సెలవునాడు, అదే యూనిట్టులో షూటింగు పెట్టాడు. తల్లి చచ్చిపోయిన పిల్ల ఏడవాలి. నాకు పెద్ద కళ్ళని నన్ను పెట్టాడు. మొదట తమిళంలో చెప్పాడు, ఇలా నిలబడు, ఇలా చూడు, అమ్మ లేదనుకో అని. నాకు నవ్వు వచ్చింది. మళ్ళీ చెప్పాడు. మళ్ళీ నవ్వాను. లైటు పట్టుకున్నవాడు కూడా నవ్వాడు.

ఆయన నవ్వలేదు. కెమెరా ఆన్ చేసి, నా దగ్గరికి వచ్చి, గొంతుక్కూర్చుని, ఇంట్లో మాట్లాడినట్టు మెల్లగా అన్నాడు.

"పాపా, ఒగ మాట సెప్తా. బయపడగూడదు. మీ అమ్మ ఉండే షెడ్డులో మంట పుట్టినాది. మీ అమ్మ పోయినాది మా."

మా ఊళ్ళో పుట్టిన పిల్లకు అగ్గిమందు షెడ్డు, మంట అంటే ఏమిటో విడమర్చి చెప్పనక్కర్లేదు. నేను వెంటనే ఏడవలేదు. ఆయన కాళ్ళు చుట్టుకున్నాను. ఊళ్ళో ఆ క్షణానికి నాకు మిగిలిన పెద్దమనిషి ఆయనే. ఆయన నా వేళ్ళు ఒక్కొక్కటే విడదీసి, భుజాలు పట్టుకుని నన్ను వెలుతురు వైపు తిప్పి, వెనక్కి నడుచుకుంటూ వెళ్ళిపోయాడు.

అప్పుడు ఏడ్చాను.

ఎంతసేపో తెలియదు. "పోదుం!" అని తమిళంలో అరిచాడు, చాలు అని. అందరూ చప్పట్లు కొట్టారు. మా అమ్మ ఎక్కడినుంచో వచ్చింది, ముఖం అంతా నవ్వు, కళ్ళల్లో నీళ్ళు. నేను మా అమ్మను కొట్టాను. ఆయన్ని కొట్టాలని నాకు తోచలేదు. ఆయన నా చేతిలో మిఠాయి పొట్లం పెట్టి, నా తల మీద చెయ్యి వేసి, మా అమ్మతో "బంగారం మా నీ బిడ్డ" అన్నాడు.

ఆ సినిమాతో అయిపోయుంటే బహుశా మరిచిపోయేదాన్నేమో. కానీ ఆయన దేన్నీ పారేసే మనిషి కాదు. ఆ వాన లాగే నా ఏడుపును కూడా దాచుకున్నాడు. తర్వాతి సినిమాలో పణ్ణైయార్, ఊరి భూస్వామి, చచ్చిపోతే నేనే ఏడ్చాను. ఇంకోదాంట్లో స్కూలు మాస్టరు పోతే నేనే. ఒకదాంట్లో ఎద్దు చచ్చిపోయింది. ఎద్దు మూసిన కళ్ళు చూపించి, వెంటనే నన్ను చూపించాడు. నాకు పదో తరగతి వచ్చింది, రజస్వల అయ్యాను, కళ్ళద్దాలు వచ్చాయి. కేబుల్లో మాత్రం ఎనిమిదేళ్ళ నేను మా అమ్మ కోసం ఏడుస్తూనే ఉన్నాను, ఎవరెవరి శవాలకో. బస్సులో ఆడవాళ్ళు నా గడ్డం పట్టుకుని, "ఆ ఏడ్సే పాప నువ్వే గదా? ఏదీ, ఒగ తూరి ఏడువు" అనేవాళ్ళు.

ఇప్పటికీ అగ్నిమాపక బండి శబ్దం వింటే మా అమ్మకు ఫోను చేస్తాను. స్కూలు బస్సు ఆలస్యమైతే వీధి చివరికి పరిగెత్తుతాను. మా ఆయన నన్ను భయం మూట అంటాడు. రాత్రిళ్ళు పిల్లలు పడుకున్నాక ఇలా కూర్చుని రాసుకుంటే తప్ప నాకు కుదురు ఉండదు. ఆ పెద్దమనిషికి ఎన్నో బిరుదులు ఇచ్చారు గదా, ఇది కూడా ఆయన సంపాదించిన దానిలోనే వేయండి.

అన్యాయంగా మాట్లాడకూడదు. అగ్గిమందులో ముంచిన పుల్లల ఘాటు వాసనలో చేతులు ఎర్రగా పగిలిన ఆడవాళ్ళు, ఒట్టపిడారం సంతకు మిరపకాయ మూటలతో వెళ్ళే ముసలివాళ్ళు, వీళ్ళను వీళ్ళ ముఖాలతోనే చూపించింది ఆయన ఒక్కడే. పెద్ద సినిమాల్లో మేము ఎప్పుడూ కనబడలేదు. సినిమా వేసేటప్పుడు ఆయన తెర చూసేవాడు కాదు, తెరకు వీపు పెట్టి జనం ముఖాలు చూసేవాడు. మా అమ్మ తోటి పనివాళ్ళు తమను తాము చూసుకుని కొంగు నోట్లో కుక్కుకోవడం నేనూ చూశాను. అంత చూడగల కన్ను ఆ మనిషికి ఉంది. గుడ్డివాడైతే నాకు ఇంత కోపం ఉండేది కాదు.

కిందటి ఏడాది ఆయనకు ఒంట్లో బాగాలేదని, ఇక్కడే ఉన్నాడని తెలిసి మా అమ్మ నన్ను వెంటబెట్టుకుని చూడ్డానికి వెళ్ళింది. గదినిండా సీడీ అట్టపెట్టెలు. మంచం మీద వెల్లకిలా పడుకుని ఉన్నాడు. నన్ను గుర్తుపట్టి, "కొంచెం కిటికీ పక్క తిరుగు మా" అన్నాడు. తిరిగాను! పెళ్ళై ఇద్దరు పిల్లలున్నదాన్ని, ఆయన చెప్పగానే వెలుతురు వైపు తిరిగాను.

"మామా, ఆ దినం నాతో ఏం సెప్తివో గుర్తుండాదా?" అని అడిగాను.

ఆయన కళ్ళు మూసుకున్నాడు. "ఆ దినం ఎండ పెంకు సందులోంచి పడె. నీ ఎడమ సెంప మింద. నువ్వు తల తిప్పినప్పుడు నీళ్ళు మెరిసె. అట్లాంటి ఎండ మల్లా దొరకలేదు మా."

"ఎండ గాదు మామా. నువ్వు సెప్పిన మాట."

"మాటా?" చెయ్యి గాలిలో ఊపాడు. "ఏం సెప్తినో. ఏదో ఒగటి సెప్పుంటా. పిల్లోళ్ళకి ఏదో ఒగటి సెప్తాం గదా."

మా అమ్మ వంగి ఆయన దుప్పటి సర్దింది. ఇంటికి వచ్చేటప్పుడు దారంతా నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. ముసలివాడు, మరిచిపోయాడు, అంత పెద్ద మాట ఆయనకు చిన్న మాట, పోనీలే అని. ఒక ఏడాదిగా ఆ పోనీలేతోనే నెట్టుకొస్తున్నాను.

నిన్న ఆయన శిష్యుడు వరండాలో నోరు తెరిచేదాకా. మరిచిపోలేదు ఆయన. ఒగ మాట సెప్తా దగ్గర ఆగడం, బయపడగూడదు అనేటప్పుడు గొంతు తగ్గించడం, అన్నీ పొల్లుపోకుండా తెలుగు తెలియని తమిళ పిల్లాడికి పాఠం చెప్పి వెళ్ళాడు. కెమెరా ఎలా పట్టుకోవాలో నేర్పినట్టే ఇదీ నేర్పాడు. మంచం మీద కళ్ళు మూసుకుని, ఏం సెప్తినో అన్నాడే, అది కూడా తెలుగులోనే అన్నాడు. నేను నమ్మాను.

శిష్యుడు వచ్చిన పని ఇది. సంతాప సభలో వేయడానికి ఆయన మీద ఒక చిన్న సినిమా చేస్తున్నారట. నా ఏడుపుతో ముగించాలట. కానీ పాత టేపు బూజు పట్టింది. అందుకని అదే యూనిట్టులో, ఇప్పుడు మూతపడి ఉంది, అదే చోట మా చిన్నదాన్ని నిలబెట్టి మళ్ళీ తీస్తారట. దాని ముఖం ఎలా పలుకుతుందో ముందుగా ఫోనులో చూసుకోబోయాడట. "అమ్మ ఏడ్చిన చోట కూతురు. ఎంత బాగుంటుందో ఆలోచించండి అక్కా" అన్నాడు. పొద్దున్నే కారు వస్తుంది, బామ్మగారు సరే అన్నారు అని కూడా అన్నాడు.

సరే అన్నది మా అమ్మ. ఆయన అంత్యక్రియలకని కోవిల్‌పట్టి నుంచి వచ్చి మా ఇంట్లోనే ఉంది. శిష్యుణ్ణి పంపించేసి లోపలికి వెళ్ళాను.

"నన్ను అడగకుండా ఎట్ల మాటిస్తివి?"

"ఒగ పూట ఏడిస్తే బిడ్డ అరిగిపోతాదా? నువ్వు ఏడ్సలేదా? పెరిగి పెద్దదై సదువుకోని ఇట్ల నన్నే నిలదీస్తా ఉండావు గదా, ఏం తక్కువైపోయినావు?"

"దాంతో ఏం సెప్పబోయినాడో తెలుసా నీకు? నేను సచ్చిపోయినానని!"

"తెలుసు."

తెలుసా అని మళ్ళీ అడిగాను.

"తెలుసు మే" అంది మా అమ్మ, వెల్లుల్లి వొలుస్తూ, తల ఎత్తకుండా. "నేను ఆ దినం గోడెనకే ఉంటి. నోరు మూసుకోని ఉండమనె అన్న. కొంగు కుక్కుకోని ఉంటి. నిన్ను ఇడ్సిపెట్టి యాడికి పోయినాను నేను?"

ఆ మాట నాకు ధైర్యం చెబుతున్నట్టే అంది. ఇన్నేళ్ళు ఎక్కడినుంచో వచ్చింది అనుకున్న మా అమ్మ ఒక గోడ అవతల ఉంది. నా అరుపు అంతా విన్నది.

"వింటూ ఎట్ల నిలబడితివి మా?"

ఇంకో వెల్లుల్లి పాయ చేతిలోకి తీసుకుంది. తర్వాత అంది, "మీ నాయన నన్ను మనిసిగా సూడలే. యూనిట్టులో నేను రాకుంటే ఆ చోట ఇంగొకతి కూసుంటాది, అంతే నా బతుకు. ఆ గోడెనక నిలబడి వింటి, అమ్మా అమ్మా అని నువ్వు అరిసేది. నేను పోతే ఒగ మనిసి ఇట్ల అరుస్తాదా అని ఆ దినమే తెలిసె నాకు. అది సూపిచ్చినోడు ఆయన. ఆయన్ని నేనెట్ల తిట్టేది సెప్పు?"

కోపంగా ఉన్నప్పుడు ఎదుటివాళ్ళ మాటలో నిజం ఉంటే ఇంకా కోపం వస్తుంది.

"నువ్వు గోడెనక ఉంటివి" అన్నాను. "నేను గోడ ముందర ఉంటి."

మా అమ్మ వెల్లుల్లి పళ్ళెం పక్కన పెట్టింది. ఏడుస్తుందేమో అనుకున్నాను. ఏడవలేదు. "సచ్చినోడికి మాటిచ్చినా. బిడ్డ రాకుంటే నేనే పోతా. ముసిలిది ఏడిస్తే సినిమా ఓడిపోతాదా ఏమి?" అంది.

అన్నట్టే ఈరోజు తెల్లవారకముందే తలస్నానం చేసి, మంచి చీర కట్టుకుని, కారు ఎక్కి కోవిల్‌పట్టికి వెళ్ళింది. నేను ఆపలేదు. వెళ్ళిరా అని కూడా అనలేదు. ఇంకా కోపం తగ్గలేదు. ఆయన మీద కొంత, ఆమె మీద కొంత, ఎండకు ముఖం తిప్పిన నా మీద కొంత.

పిల్లలు లేచారు. చిన్నది షూటింగు పోయిందని మూతి ముడుచుకుని కూర్చుంది. "నాకు ఏడ్సేదానికి వస్తాది మా, సూడు" అని కళ్ళు చిట్లించి, పెదవి వణికించి చూపించింది. చక్కగా చేసింది. నన్ను నవ్వించింది కూడా. ఆ శిష్యుడు అడిగుంటే చాలు, ఎవరూ చావనక్కర్లేదు. ఇద్దరినీ ఇడ్లీల ముందు కూర్చోబెట్టి మొత్తం చెప్పాను, డైరెక్టర్ తాత నాతో ఏం చెప్పాడో, అవ్వ ఎక్కడ ఉందో, అన్నీ. తెలుగులోనే చెప్పాను. ఇంట్లో మాటకు కూడా అబద్ధం అంటుకుంటుందని తెలియాలి గదా. చిన్నది నా ఒళ్ళోకి వచ్చి కూర్చుంది.

పెద్దవాడికి తొమ్మిదేళ్ళు. వాడు ఇడ్లీ తుంపుతూ అడిగాడు. "అట్లైతే మా, నువ్వు నిజంగా సచ్చిపోతే మాకెట్ల తెలుస్తాది? ఎవురు సెప్పినా నమ్మకూడదా?"

ఆ ప్రశ్నకు జవాబు వాడికి కావాలి.

"మీ నాయన సెప్తాడు" అన్నాను. "మీ ఇద్దరి పక్కన కూసోని, మీ చెయ్యి పట్టుకోని సెప్తాడు. సెప్పినాక లేచి పోడు. మీరెంత ఏడ్సినా అట్లే పట్టుకోని ఉంటాడు. చెయ్యి పట్టుకోకుండా ఆ మాట సెప్పినోణ్ణి నమ్మొద్దండి. ఇప్పుడు తినండి, బస్సు వచ్చేస్తాది."